హాస్టల్‌కి వచ్చిన స్టూడియో పాస్

బ్రహ్మయ్య సోవియట్ సినిమా నటుడు. అమెరికాలో, ట్రాయ్‌లోని కార్ల కంపెనీలో ఇంజనీరుగా రిటైరైన మనిషిని పట్టుకుని ఇలా అంటే నవ్వొస్తుంది గానీ, నిజమే. మాస్కోలో చదువుకునే రోజుల్లో ఎనిమిది సినిమాల్లో వేశాడు. ఒకదాంట్లో అరబ్బు వర్తకుడు, ఇంకోదాంట్లో క్యూబా సైనికుడు. చామనచాయ ముఖం దొరికితే చాలు, ఏ దేశంవాడినైనా చేసేసేవారు. గొంతు మాత్రం ఎవరో రష్యన్‌ది.

మొదటి వేషం భారతీయ డాక్టరు. అసలది అతనిది కాదు. స్టూడియో మనిషి హాస్టల్‌కొచ్చి ఎంచుకున్నది రూమ్మేట్ భాస్కర్‌ని. తెనాలి నాటకాల్లో పద్యం పాడి వన్స్‌మోర్‌లు కొట్టించుకున్నవాడు భాస్కర్. అతని పేరుమీద పాస్ వచ్చేసరికి అతను ల్యాబ్‌లో ఉన్నాడు. బ్రహ్మయ్య దాన్ని జేబులో వేసుకుని చక్కా పోయాడు. గేటు కాపలావాడికీ, డైరెక్టరుకీ ఇండియన్లందరూ ఒకటే.

తిరిగొచ్చి, "నీకు పాస్ రాలేదురా, నన్ను పిలిచారు" అన్నాడు. ఆ మాట అంటున్నప్పుడే సిగ్గేసింది. అయినా అన్నాడు. భాస్కర్ మళ్ళీ ముఖానికి రంగు వేసుకోలేదు. ఆ సినిమా చూడ్డానికీ మనసొప్పలేదతనికి.

2012లో ట్రాయ్ తెలుగువాళ్ళు బ్రహ్మయ్యకు సన్మానం పెట్టారు. పాత స్నేహితుడి కోసం ఆష్‌బర్న్ నుంచి భాస్కర్ కూడా వచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. యాంకరింగ్ చేస్తున్న సంహిత, "సర్‌ప్రైజ్ అంకుల్! ఆన్‌లైన్‌లో దొరికింది" అంటూ తెరమీద ఆ డాక్టరు సినిమా వేసి, టైటిల్స్ దగ్గర ఆపింది.

పాస్‌మీద ఉన్న పేరే టైటిల్స్‌లోకి ఎక్కిందని బ్రహ్మయ్యకు తెలుసు. రెండొందలమంది ఉన్న హాల్లో రష్యన్ చదవగలిగినవాళ్ళు ఇద్దరే.

"అంకుల్, అది మీ నేమేనా? ఏం రాసి ఉంది?" అంది సంహిత.

బ్రహ్మయ్య కళ్ళద్దాలు తీసి శాలువా కొసతో తుడవసాగాడు.

"ఓ, అంకుల్ ఎమోషనల్ అయిపోయారు! భాస్కర్ అంకుల్, మీరు రీడ్ చేయండి ప్లీజ్."

భాస్కర్ మైకు పట్టుకుని తెరవంక చాలాసేపు చూశాడు.

"డాక్టరుగా... బ్రహ్మయ్య," అని చదివి, ముందుగా తనే చప్పట్లు కొట్టాడు. హాలంతా మోగిపోయింది.

శాలువా జారిపోతున్నా పట్టించుకోకుండా బ్రహ్మయ్య మెట్లు దిగొచ్చి అతని చెయ్యి పట్టుకున్నాడు. "తప్పు చేశానురా. నీ పేరెందుకు చదవలేదురా?"

భాస్కర్ చెయ్యి విడిపించుకోలేదు. ముఖంకేసి మాత్రం చూడలేదు.

"నేనే పనికిరాలేదనుకున్నానురా, ఈ నలభయ్యేళ్ళూ," అన్నాడు.