హఫీజమ్మ నోట వేరొకరి మాట

నేను చదివింది వింజమూరు పక్కన ఒక పల్లెటూరి బడిలో. అయినా మా ఊరికి బస్సు వేయించింది నేను. మంచినీళ్ళ ట్యాంకు కట్టించింది నేను. నాటక పోటీల్లో ధర్మరాజు వేషానికి వెండి కప్పు తెచ్చింది నేను. కొడుకు దగ్గరకు సిడ్నీ వచ్చాక, ఈ గిరావీన్‌లో కౌన్సిల్ ఆఫీసు చుట్టూ తిరిగి ముసలివాళ్ళు కూర్చునే బెంచీలకు పైన నీడ వేయించిందీ ఈ బ్రహ్మయ్యే. ఇదంతా ఎందుకంటే, మాట విలువ తెలిసిన మనిషిగా రాస్తున్నానని చెప్పడానికి. వేషం ఎవరైనా కడతారు. గొంతు మాత్రం ఎవరిది వాళ్ళదే. అది తెలియక మనవాళ్ళు హఫీజమ్మకు ఏం చేశారో నలుగురికీ తెలియాలి.

హఫీజమ్మది మా పక్కనే ఉదయగిరి. కొయ్యతో గరిటెలు, చెంచాలు చెక్కే కుటుంబం. మొగుడు చిన్నవయసులోనే పోతే ఆ గరిటెలే అమ్మి కొడుకు తాజ్‌ను బీకాం చదివించింది. తాజ్ ఇప్పుడు మా ఇంటికి దగ్గర్లోనే పెండిల్ హిల్‌లో కిరాణా కొట్టు నడుపుతున్నాడు. ఇక్కడికొచ్చినా ఆమె ఉలి వదల్లేదు. కొట్టు వెనక గదిలో కూర్చుని యూకలిప్టస్ కొయ్యను చెక్కుతూ దాన్నే తిట్టేది.

"ఇది మొండిది అన్నా. మన కొండలో దొరికే నర్ది కొయ్య మాదిరి చెప్పిన మాట ఇనదు. ఈ దేశం పిలకాయల మాదిరే ఉండాది."

ఆ మాట కోసమే నేను రోజూ ఆ కొట్టుకు వెళ్ళేవాణ్ణి. మా ఇంట్లో నా కొడుకు కార్తీక్‌ది సగం ఇంగ్లీషు. మనవరాలు తన్మయి నేను మామూలుగా మాట్లాడినా "తాతా, వై ఆర్ యూ షౌటింగ్?" అంటుంది. హఫీజమ్మ తాజ్‌తో ఉర్దూ మాట్లాడేది. మా నెల్లూరు యాస తెలుగు నాతో మాత్రమే. ఈ చుట్టుపక్కల నాకు ఆమె ఒక్కతే, ఆమెకు నేనొక్కణ్ణే.

కొట్టుకు వచ్చే ఆన్సీ అనే మలయాళీ నర్సు ఒకసారి మమ్మల్ని వాళ్ళ సంఘం వేసే సినిమాకు పిలిచింది. కథంటే పెద్దగా ఏమీ లేదు. వాన, పెంకుటిల్లు, గడపలో చేపలు తోముతున్న ఒక ముస్లిం ముసలామె, ఉద్యోగం పోగొట్టుకుని తడిసి వచ్చిన కొడుకు. ఆమె తిడుతోంది, వాడు తల తుడుచుకుంటున్నాడు. హాలంతా నవ్వులు.

"ఇది మలప్పురం వైపు మాట. మా కొట్టాయం వాళ్ళం ఇలా అనం. నోరు తెరిస్తే చాలు, ఏ ఊరో తెలిసిపోతుంది" అని ఆన్సీ ఇంగ్లీషులో చెబితే తాజ్ మాకు చెప్పాడు. వాళ్ళు షూటింగ్ జరిగే చోటే గొంతు పట్టేస్తారట. గిన్నె చప్పుడు, వాన చప్పుడు, ముసలామె దగ్గు, అన్నీ ఆ ఊరివే.

హఫీజమ్మకు ఒక్క ముక్క అర్థం కాలేదు. అయినా నవ్వినచోట నవ్వింది, చివర్లో కళ్ళు తుడుచుకుంది. కారులో అడిగింది.

"అన్నా, ఆ తలమింద ముసుగు నాదే. ఆ తిట్టు నాదే. మన సినిమాల్లో మావోళ్ళు కత్తి పట్టుకోనన్నా కనపడతారు, సలాం కొట్టుకుంటానన్నా కనపడతారు. ఇంట్లో కూర్చోని కొడుకును తిట్టే సాయిబులామె ఒకితన్నా ఉండాదా? మన యాసలో?"

ఊహ తెలిసినప్పటి నుంచి సినిమాలు చూసినవాణ్ణి. ఎంత వెతుక్కున్నా ఒక్కతీ గుర్తు రాలేదు.

తాజ్‌కు అది గుచ్చుకుంది. "మామా, అమ్మ మీదే ఒక చిన్న సినిమా తీయిస్తా. అమ్మే చేస్తది, అమ్మే మాట్లాడతది" అన్నాడు. అఖిల్‌ను పట్టుకొచ్చాడు. అఖిల్ బ్యాంకులో కంప్యూటర్ ఉద్యోగి, వారాంతాల్లో షార్ట్ ఫిల్ములు తీస్తాడు. ఆ కొట్టు వెనక గదిలోనే షూటింగ్. కథ ఒక ముసలామె గరిటె చెక్కుతూ కొడుకుతో మా యాస తెలుగులో మాట్లాడటం, అంతే. డైలాగులు ఎవరూ రాయలేదు. ఆమె నోటికి రాసిపెట్టాల్సిన పనేముంది?

మొదటిరోజు చూద్దును కదా, మైకు లేదు.

"ఏమయ్యా, గొంతు ఎట్టా వస్తది?" అన్నాను.

"అంకుల్, పక్కనే ఫ్రిజ్ మోత, బయట రోడ్డు. ఇక్కడ సౌండ్ వేస్ట్. మనం ఎలాగూ డబ్బింగ్ చెప్పిస్తాం కదా! ఆంటీ స్టూడియోలో కూర్చుని నీట్‌గా చెబుతారు."

"ఆ మలయాళం వాళ్ళు అక్కడే పట్టారే!"

"వాళ్ళ స్టైల్ వేరు అంకుల్. మన ఇండస్ట్రీ అంతా డబ్బింగే."

తాజ్ కూడా "సినిమా అంటే డబ్బింగే కదా మామా" అన్నాడు. నేను చెప్పాల్సింది గట్టిగానే చెప్పాను. ఎవరు వింటారు? పైగా ఆంటీ మూడ్‌లోకి రావాలని గదిలో పాట ఒకటి పెట్టారు, చెవులు చిల్లులు పడేట్టు. ఎలాగూ శబ్దం పట్టడం లేదు కదా!

చివరిరోజు నన్ను కార్తీక్ కంటి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాడు. ఆరోజే హఫీజమ్మ చెక్కిన గరిటె చేతిలో పట్టుకుని, కెమెరా వెనక నిలబడ్డ తాజ్‌ను చూస్తూ చాలాసేపు ఏదో చెప్పిందట. నవ్విందట. మధ్యలో కొంగుతో ముక్కు తుడుచుకుందట. పాట మోతలో ఎవరికీ వినపడలేదు. "డబ్బింగ్‌లో చూసుకుందాం" అనుకున్నారు.

డబ్బింగ్‌కు వెళ్ళాల్సిన వారంలోనే ఆమెకు పక్షవాతం వచ్చింది. కుడి చెయ్యి పోయింది. మాట పోయింది.

నేనైతే అక్కడితో ఆపేసేవాణ్ణి. అఖిల్ ఆపలేదు. "ఉగాది ఫంక్షన్‌లో షో అని పోస్టర్ వేసేశాం అంకుల్" అన్నాడు. తెలుగు రేడియోలో మాట్లాడే సృజనను పిలిపించారు. ఏ చోట ఏమన్నదో పెదాలు చూసి చెప్పమని నన్ను కూర్చోబెట్టారు.

"ఇక్కడ 'యాడికి బొయ్యుంటివిరా, అన్నం సల్లారిపాయ' అంటా ఉంది" అని చెప్పాను.

సృజన మొహం చిట్లించింది. "అంకుల్, అందరికీ అర్థం కావాలి కదా. 'ఎక్కడికి వెళ్ళావు నాన్నా, అన్నం చల్లారిపోయింది' అంటే క్లీన్‌గా ఉంటుంది."

"ఆ తల్లి జన్మలో కొడుకును నాన్నా అనలేదమ్మా. ఉర్దూ మాట్లాడుతూ కూడా 'ఒరేయ్ ఎదవా' అనేది."

"తల్లి పాత్ర ఎదవా అంటే బాగోదు అంకుల్." చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. నాకు వెండి కప్పు తెచ్చిపెట్టిన నోటి మీద వాళ్ళకు నమ్మకం లేదు.

చివరి సీను దగ్గర నాకూ తెలియలేదు. సగం మాటలు కొంగు చాటున, సగం నవ్వులో పోయాయి. సృజన తనే అల్లుకుని చెప్పేసింది: "నా కొడుకు బంగారం. వాడే నా ప్రాణం."

షో రోజు హఫీజమ్మను చక్రాల కుర్చీలో ముందువరసలో కూర్చోబెట్టారు. తెరమీద ఆమె నోరు తెరిచింది. రేడియోలో వార్తలు చదివే గొంతు వచ్చింది. హఫీజమ్మ వెనక్కి తిరిగి చూసింది, ఎవరో వెనక నుంచి మాట్లాడుతున్నారనుకుని. నా పక్కన కూర్చున్న ఆన్సీ నాకూ అర్థమయ్యే నాలుగు ఇంగ్లీషు ముక్కల్లో మెల్లగా అడిగింది, "అంకుల్, ఇది ఆంటీ వాయిస్ కాదు కదా?" భాష రాని పిల్ల కనిపెట్టింది. హాలునిండా ఉన్న తెలుగువాళ్ళు మాత్రం చప్పట్లు కొట్టారు. "ముస్లిం అయినా ఎంత చక్కటి తెలుగు!" అన్నారు వెనక ఎవరో. సృజనకు ఉత్తమ గాత్రం అని షీల్డు ఇచ్చారు.

సృజన వచ్చి హఫీజమ్మ పాదాలకు దండం పెట్టింది. హఫీజమ్మ ఎడమ చెయ్యి చాచి ఆ పిల్ల గొంతు మీద పెట్టి, కాసేపు అలాగే ఉంచింది. తరవాత చెయ్యి తీసేసి కొంగు నోటికి అడ్డంగా లాక్కుంది.

తాజ్ ఇప్పుడు చివరి సీను మాత్రం, శబ్దం తీసేసి, ఫోన్‌లో వేసుకుని చూస్తుంటాడు. మొన్న నేను వెళ్ళేసరికి తల్లి ముందు కూర్చుని ఉన్నాడు.

"అమ్మీ, ఆరోజు నాతో ఏం చెప్పినావు? ఒక్క మాట. మామ ఉండాడు, తెలుగులోనే చెప్పు."

హఫీజమ్మ ఫోన్ వైపు చూసింది. నోరు తెరిచింది. మెడనరాలు తేలేదాకా ప్రయత్నించింది. వచ్చిన శబ్దాన్ని నేను వంగి విన్నాను.

"ఏమంటా ఉంది మామా?" అన్నాడు తాజ్.

ఆమెతో ఆ యాసలో మాట్లాడినవాణ్ణి ఇక్కడ నేనొక్కణ్ణే. నాకూ అర్థం కాలేదు.