ఏసీ కింద పద్నాలుగో లూయీ

ఆ రోజుల్లో దేవుడు ప్రత్యక్షమై ఏం కావాలో కోరుకోమని ఉంటే, మా గదిలో ఎనిమిది మందిమీ మేడలూ మిద్దెలూ అడిగేవాళ్లం కాదు, ఆఖరికి ఇంటికి పంపమని కూడా అడిగేవాళ్లం కాదు. "సామీ, ఎవడూ లేపకుండ ఓ పూట పండుకోనియ్యి" అనేవాళ్లం, అంతే. బహ్రెయిన్‌లో అస్కర్ పక్కన పెద్ద అల్యూమినియం ఫ్యాక్టరీ ఉంది. దానికి మనుషుల్ని సప్లై చేసే ఒక కాంట్రాక్టు కంపెనీ క్యాంపులో ఉండేవాళ్లం. (మా ఊళ్లో మాత్రం నేను దుబాయిలో ఉన్నట్టే లెక్క. ఇది వేరే దేశమని మా అమ్మకు చెప్పీ చెప్పీ విసుగొచ్చి నేనే మానేశాను.) బయట ఎండ, లోపల కొలిమి వేడి, మధ్యలో మేము. డ్యూటీ దిగి బస్సెక్కితే కూర్చున్నవాడు కూర్చున్నట్టే, నిలబడ్డవాడు నిలబడ్డట్టే నిద్రపోయేవాడు. అప్పటి అలసట ఇప్పటికీ పూర్తిగా దిగలేదని నా అనుమానం.

మా గదిలో ఇనుప మంచాలు ఒకదాని మీద ఒకటి ఉండేవి. ఏసీకి సరిగ్గా కింద, గోడవారగా, పైన ఇంకో మంచం లేని ఒంటి మంచాన్ని 'గద్దె' అనేవాళ్లం. దాని రాజ్యాంగం ఎవడు రాశాడో తెలియదు గానీ అందరికీ కంఠతా వచ్చు. గదికి అందరికన్నా ముందొచ్చినవాడిదే గద్దె. ఏసీ రిమోట్ ఆయన తలగడ కిందే ఉంటుంది. పొద్దున బాత్రూమ్‌కు ముందు ఆయనే. ఉల్లిగడ్డలు కొయ్యడు, గిన్నెలు తోమడు. ఆయన వీసా క్యాన్సిల్ చేయించుకుని ఇంటికి వెళ్లిపోతే ఆ తర్వాతి సీనియర్‌కు గద్దె దక్కుతుంది. నేను చేరేనాటికి దాని మీద ఉన్నది నిజామాబాద్ వైపు పెద్దమనిషి, అందరికీ పెద్దకాక. ఆ తర్వాతి వరుస మా జగిత్యాల బావది. (వరసకు బావేం కాదు, అంత మీసం ఉన్న మనిషిని ఏదో ఒకటి అని పిలవాలి కదా.) ప్రతి ఏడూ కాక "ఈ యేడు పక్కా పోతున్న" అనేవాడు. ప్రతి ఏడూ ఆఫీసుకెళ్లి వీసా రెన్యువల్‌కు సంతకం పెట్టొచ్చి, ఎవరి మొహమూ చూడకుండా గోడవైపు తిరిగి పడుకునేవాడు. బావ పళ్లు నూరుకునేవాడు. నాకు ఇద్దరితోనూ పేచీ లేదు. అందరికన్నా చిన్నవాణ్ణి, బాత్రూమ్ తలుపు పక్కన పైమంచం నాది. బీఏ హిస్టరీ చదివొచ్చి పార పట్టినందుకు నాకు 'డిగ్రీ' అని పేరు పెట్టారు.

శుక్రవారం సెలవు. సెలవంటే నిద్ర అనుకునేరు! అందరికీ బగారన్నం, కోడికూర వండాలి, చిన్నవాణ్ణి గనక ఉల్లిగడ్డలన్నీ నా నెత్తినే. వంటకు పెద్ద, గోదావరి జిల్లా నుంచి వచ్చిన ఒకాయన, మా గదిలో ఒకే ఒక్క కోస్తా మనిషి, మేం గోదారాయన అనేవాళ్లం. "ఏవండీ డిగ్రీగారూ, ఆ ముక్కలేంటండీ బాబూ, పందులకి వేస్తున్నారేంటండీ?" అని సతాయించేవాడు. ఒక శుక్రవారం కళ్లలో నీళ్లు కారుతుంటే, ఏడుస్తున్నానని అనుకోకుండా ఉండడానికి ఏదో ఒకటి మాట్లాడాలని, "ఫ్రాన్స్ దేశంల నాలుగో హెన్రీ అని ఒక రాజుండె. ప్రతి రైతు కుండల ఆదివారం ఆదివారం కోడి ఉడకాలన్నడట" అన్నాను. గోదారాయన గరిట ఆగింది. బావ లేచి కూర్చున్నాడు.

"గట్లాంటి రాజు మనకు గావాలె. తర్వాత ఏమాయె?"

"బండ్ల పోతుంటె ఎవడో పొడిచి సంపిండు."

"అయ్యో! కోడి పెట్టినోన్నే సంపిండ్రా!" గదంతా గొల్లుమంది. అసలు కోడి ఎంతమందికి అందిందో నాకూ తెలియదు గానీ అప్పుడు ఆ సందేహం చెప్పబుద్ధి కాలేదు. గద్దె మీంచి పెద్దకాక ఆజ్ఞ వచ్చింది. "అరే, ఇగ ఈ పోరనికి కత్తియ్యకుండ్రి. శుక్రారం శుక్రారం రాజుల కత జెప్పుతడు. జెప్పి, తిని, పండుకుంటడు. ఎవలన్న లేపిండ్రో, సూడుండ్రి మల్ల!"

నా జీవితంలో నా చదువుకు దక్కిన గౌరవం అదొక్కటే. మిగతావాళ్లు గిన్నెలు తోముకుంటుంటే నేను కడుపునిండా తిని, సాయంత్రం మసీదు బాంగు వినబడేదాకా చచ్చినట్టు నిద్రపోయేవాణ్ణి. ఆ నిద్ర కోసం నేను ఫ్రాన్స్ రాజులందర్నీ అమ్మడానికి సిద్ధపడ్డాను. హెన్రీ కొడుకును ఒక్క వారంలో ముగించేసి పద్నాలుగో లూయీ దగ్గరకొచ్చాను. అక్కడ నా పంట పండింది. అయిదేళ్లయినా నిండకముందే గద్దెనెక్కి డెబ్బై రెండేళ్లు దిగని రాజు! సూర్యుణ్ణి తన గుర్తుగా పెట్టుకున్నాడని, తనను రాజును చేసింది దేవుడే కనక ఇంకెవరికీ జవాబు చెప్పక్కర్లేదనేవాడని చెప్పాను.

"అంటె గాయనకు కఫీల్ డైరెక్టు దేవుడే అన్నట్టు" అన్నాడు బావ. (కఫీల్ అంటే అక్కడ మన వీసా చేతిలో పెట్టుకున్న యజమాని.) రాజుల దైవదత్తాధికారం గురించి మా లెక్చరర్ నెలరోజులు చెప్పినా నాకు అర్థం కానిది ఆ ఒక్క ముక్కతో అర్థమైంది.

వెర్సాయ్ కోట సంగతి చెప్పినప్పుడు ఇంకా పెద్ద చర్చ నడిచింది. ఎక్కడెక్కడి జమీందార్లనో తన కళ్ల ముందే ఉంచుకోవడానికి అక్కడికి రప్పించుకున్నాడని, పొద్దున రాజు లేవగానే అంగీ అందించే భాగ్యం నాదంటే నాదని వాళ్లు కొట్టుకునేవారని చెప్పాను. "సొంతిల్లు ఇడిసిపెట్టొచ్చి ఈడ అంగీ అందిచ్చుడా? పాస్‌పోర్టులు గుంజుకున్నడా ఏంది?" అని కాక ఆశ్చర్యపోయాడు. "అది క్యాంపేనండీ, కాపోతే అద్దాలెక్కువ" అని గోదారాయన తీర్పిచ్చాడు. తోటలో ఫౌంటెన్లన్నిటికీ నీళ్లు చాలక, రాజు వస్తున్నాడని ఈల వేస్తే అక్కడి నీళ్లు వదిలి, ఆయన దాటగానే కట్టేసేవారంటే ఎవడూ ఆశ్చర్యపోలేదు. మా క్యాంపు ట్యాంకరు సంగతి అందరికీ తెలిసిందే.

మర్నాటి పొద్దున డ్యూటీకి లేచేసరికి బావ కాక మంచం ముందు వంగి, రెండు చేతులతో ఆయన డ్యూటీ కవరాల్ పట్టుకుని నిలబడ్డాడు. ఆయన వెనక ఒకడు హెల్మెట్, ఒకడు సేఫ్టీ బూట్లు. "ప్రభువులు లేస్తరా, బస్సు పోతది" అన్నాడు బావ. కాక మొదట నాలుగు బూతులు తిట్టాడు. తర్వాత చెయ్యి చాచాడు. ఆ వారమంతా అదే తంతు. కాక మొహంలో వెలుగు చూసి, ఈయనిక ఛస్తే కదలడని నాకు అప్పుడే తోచాల్సింది.

ఒక శుక్రవారం బావ ముద్ద నములుతూ అడిగాడు. "గా రాజుకు కొడుకు లేడా?"

"ఉన్నడు బావా."

"మరి గాయన ఎన్నడెక్కిండు గద్దె?"

నాకు అప్పటికే కునుకు పడుతోంది. నిద్రమత్తులో ఉన్నది ఉన్నట్టు చెప్పేశాను. "ఎక్కలే. ఎదురుసూసి సూసి సచ్చిపోయిండు. మనుమడు గూడ పాయె. ఆఖరికి మునిమనుమడు ఎక్కిండు, అయిదేండ్ల పోరడు."

బావ మీసం వణికింది. "అంటె? నేను ఎదురుసూసి సూసి సావాల్నా? నన్నే అంటున్నవా?" మొదట గట్టిగా నవ్వింది కాక. దాంతో బావకు ఇంకా మండింది. "ఇగో డిగ్రీ, వచ్చే శుక్రారం గా రాజు సావాలె. లేకుంటె ఉల్లిగడ్డలు నువ్వే కోస్తవ్" అన్నాడు. గద్దె మీంచి కాక అంతకంటే మెల్లిగా అన్నాడు. "రాజు సచ్చిన నాడు కత్తి నీ చేతికేరా."

చూడండి నా గ్రహచారం! రాజు చస్తే ఒకరికి కోపం, బతికితే ఇంకొకరికి కోపం, ఎటొచ్చీ పోయేది నా నిద్ర. ఇక లాగడం మొదలుపెట్టాను. యుద్ధం మీద యుద్ధం చేయించాను. విగ్గులు వర్ణించాను. తోటలో చెట్లన్నిటినీ ఒక వరుసలో నాటించాను. "ఏంటండీ, ఈయనకి ఎక్స్‌టెన్షన్ మీద ఎక్స్‌టెన్షన్ ఇప్పిస్తున్నారు?" అని గోదారాయన కూడా విసుక్కున్నాడు. చివరికి ఒక శుక్రవారం నేను లేచేసరికి ఉల్లిగడ్డల సంచీ, కత్తీ నా మంచం మీదికే వచ్చి ఉన్నాయి. వాటి పక్కన బావ. వారమంతా ఓవర్‌టైం చేసి ఉన్నాను, ఒంట్లో ఓపిక లేదు. ఇక లాభం లేదని రాజును చంపేశాను.

కాలు కుళ్లి పోయాడని చెప్పాను. (అప్పటికే కాకకు మోకాలు వాచి ఉందని నోట్లోంచి మాట జారాక గుర్తొచ్చింది.) పోయేముందు ఆ అయిదేళ్ల మునిమనుమణ్ణి దగ్గరికి పిలిపించుకుని, కట్టడాల మీద, యుద్ధాల మీద మోజు పడి తప్పు చేశానని, "నా లెక్క జెయ్యకు బిడ్డా" అన్నాడని చెప్పాను. కాక తిట్టి ఉల్లిగడ్డలు కొయ్యమంటాడని నేనే కత్తి అందుకోబోయాను. ఆయన తిట్టలేదు.

"నేను గూడ ఇల్లు కట్టిన" అన్నాడు. "లీవుకు పోతే బయటి అర్రల చుట్టం లెక్క పండుకుంట. సంచి దించకముందే అడుగుతరు, మల్ల ఎన్నడు పోతున్నవని. ఈడికొస్తె మీరు అడుగుతరు, ఇంటికి ఎన్నడు పోతున్నవని. ఈ మంచం ఒక్కటే నన్ను ఏం అడగదురా." బావ తల దించుకుని ఉల్లిగడ్డలు తనే కోయడం మొదలుపెట్టాడు. ఆ రోజు తిన్నాక నాకు నిద్ర పట్టలేదు. అంత కష్టపడి కాపాడుకున్న నిద్ర!

మర్నాడు కాక ఆఫీసుకెళ్లి వీసా క్యాన్సిల్ చెయ్యమన్నాడు. అందరికన్నా ఎక్కువ ఏడ్చింది బావ. "నవ్వులాటకన్న కాకా, నాకు గద్దె వద్దు, ఏం వద్దు, పోకే!" అని చెయ్యి పట్టుకున్నాడు. కాక వినలేదు. ఎయిర్‌పోర్టుకు వ్యాను వచ్చినరోజు రిమోట్ బావ చేతిలో పెట్టి, నా భుజం మీద చెయ్యేశాడు. "డిగ్రీ, నా లెక్క జెయ్యకు. ఇల్లు సగమే లేచినా సరే, జల్ది ఇంటికి పో." నేను కళ్లు తుడుచుకుంటూ సరేనన్నాను. డ్రైవర్ "యల్లా, యల్లా" అని తొందరపెట్టాడు. అంతే, ఖలాస్.

బావ పట్టాభిషేకం నాడే గద్దెను కడిగి, కాక వదిలేసిన చెత్తనంతా బయట పారేశాడు. ఏసీ కింద బైండింగ్ వైరుతో వేలాడుతున్న సగం కోసిన నీళ్ల సీసాను కూడా. మర్నాడు పొద్దున చూస్తే బావ తలగడ పిండితే నీళ్లు, మెడ ఒక పక్కకు పట్టేసింది, ముక్కు దిబ్బడ. ఏసీ బొట్లు బొట్లుగా సరిగ్గా నెత్తి మీదే కారుతోంది! అన్నేళ్లూ కాక ఆ సీసాను కట్టుకుని, రోజూ తనే పారబోసుకుని, బహ్రెయిన్ ఎండల్లో మంకీ క్యాప్ పెట్టుకుని ఎందుకు పడుకునేవాడో అప్పుడర్థమైంది. వారం తిరక్కముందే బావ రాజ్యం వదిలేసి తన పాత పైమంచం ఎక్కేశాడు. తర్వాతి వరుస గోదారాయనది. "మాకొద్దండీ బాబూ, మాకసలే సైనసు" అన్నాడు. ఆయన తర్వాత ఇంకొకడు, వాడి తర్వాత ఇంకొకడు, ఎవడికీ వద్దు. చివరికి ఆ గద్దె గదిలో అందరికన్నా చిన్నవాడికి, అంటే నాకు వచ్చింది. కంపెనీవాళ్లు ఆ ఏసీని బాగుచేయిస్తామని అప్పుడే మాటిచ్చారు.

ఇప్పటికీ అదే మాట మీద ఉన్నారు. గదిలో వాళ్లంతా మారిపోయారు, నేను ఫోర్‌మ్యాన్‌నయ్యాను, మంచం మాత్రం అదే. కొత్త పిల్లలకు రాజుల కథలక్కర్లేదు, ఎవడి ఫోను వాడికుంది. మొన్న వాళ్లలో ఒకడు ఏసీ వంక ఆశగా చూస్తూ, "కాకా, ఎన్నడు పోతున్నవే?" అన్నాడు. (కాక! నన్ను!) బొట్ల సంగతి చెబుదామనుకున్నాను గానీ, ఎందుకో "ఈ యేడు పక్కా బిడ్డా" అనేశాను. ఆ వారమే పెద్దకాక ఊరి నుంచి ఫోన్ చేశాడు. ఇప్పుడు బయటి గది కాదట, నడిమింట్లోనే పడుకుంటున్నాడట, మనవలు ఆయన మీద కాళ్లేసి పడుకుంటారట. "ఇంకా గద్దె దిగలేదారా లూయీ?" అని అడిగాడు.

"దిగుతున్న కాకా. ఈ యేడు పక్కా."

అవతల ఆయన నవ్వడం మొదలుపెట్టాడు. దగ్గొచ్చేదాకా నవ్వాడు. నాకూ నవ్వొచ్చింది. ఫోన్ పెట్టేసి, నిండిన సీసా పారబోసొచ్చి, మంకీ క్యాప్ చెవుల మీదికి లాక్కుని గోడవైపు తిరిగి పడుకున్నాను.