అక్కకు నేను దుబాసీని

శంకర్ నగర్‌లోని ఆ కౌన్సెలింగ్ సెంటర్‌లో నా ఎదురు కుర్చీలో కూర్చున్న ఆవిడ పేరు నాకు తెలీదు. కోపం మాత్రం ఇప్పటికీ పోలేదు. ఎవరు అడిగారు ఆవిడ్ని?

తన పాప చనిపోయిన దగ్గర్నుంచి అక్క ఎవరితోనూ సరిగా మాట్లాడటం లేదని తిల్దా నుంచి రైల్లో తీసుకొచ్చాను. అక్కకు హిందీ రాదు, డాక్టరమ్మకు తెలుగు రాదు. మధ్యలో దుబాసీని నేను. ఆ రోజు అక్క చాలాసేపు మాట్లాడింది. నేను హిందీలో, "నిద్ర పట్టట్లేదట, కొంచెం దిగులుగా ఉంటోందట" అన్నాను. ఇంతలో ఫోన్ రావడంతో డాక్టరమ్మ మమ్మల్ని కాసేపు బయట కూర్చోమంది.

అక్కడి గోడలు ప్లైవుడ్‌వి. ఎదురు కుర్చీలో నర్సు చీరలో ఉన్న ఆ పెద్దావిడకు అన్నీ వినబడినట్టున్నాయి. తెలుగులోనే అడిగింది.

"ఆవిడ అంతసేపు చెప్పిందే, నువ్వు ఒక్క ముక్కలో ఖతం చేశావేంటి బాబూ?"

నాకు ఒళ్లు మండింది. "మా ఇంటి సంగతి మీకెందుకండీ?" అన్నాను.

"చెప్పుకోడానికే కదా తీసుకొచ్చావు" అని అక్క వైపు తిరిగింది. "నేను వచ్చి చెప్పనా అమ్మా?"

అక్క నా వైపు చూడలేదు. డాక్టరమ్మ మళ్లీ పిలవగానే ఆవిడ చెయ్యి పట్టుకుని లోపలికి వెళ్లి తలుపు వేసేసింది.

గోడ ఇవతల నేను ఒక్కడినే. అక్క మళ్లీ మొదట్నుంచీ చెప్పింది. ఆవిడ హిందీలో ఒక్క మాట కూడా వదల్లేదు, నేను మింగేసిన మాటతో సహా.

"పాపకు ఒళ్లు కాలిపోతోందని తమ్ముడికి ఫోన్ చేశాను. ఉర్లాలో ఫ్యాక్టరీ డ్యూటీ అయ్యాక వస్తానన్నాడు."