బ్రేక్ మేడమ్, నీలం చుక్క

డ్రైవింగ్ స్కూల్లో ఆవిడ అసలు పేరుతో ఎవరికీ పని పడలేదు. అందరికీ బ్రేక్ మేడమే. నేర్చుకునేవాళ్ళ పక్కసీట్లో కూర్చుంటుంది, ఆవిడ కాళ్ళ దగ్గర కూడా ఓ బ్రేకు ఉంటుంది. కొత్తగా స్టీరింగు పట్టినవాళ్ళకి చేతులు వణుకుతుంటే, "మీ పని మీరు కానివ్వండి, నా కాలుంది కదా" అంటుంది. ఆ మాటతో ధైర్యం తెచ్చుకుని లైసెన్సు సంపాదించినవాళ్ళు ఊరినిండా ఉన్నారు. అలాగని ఆ కాలు ఊరికే బ్రేకు మీద పడదు. ముందే తొక్కేస్తే ఎదుటి మనిషి జన్మలో నేర్చుకోడని ఆవిడ నమ్మకం. బండి గోడకి జానెడు దూరంలోకి వెళ్ళేదాకా నింపాదిగా చూస్తూ కూర్చోగలదు. పరాయివాళ్ళ దగ్గర అంత నిబ్బరం చూపించే మనిషి సొంత కూతురి దగ్గరికొచ్చేసరికి ఏమైపోయిందో ఇప్పుడు చెప్పాలి.

కూతురు మొదటి ఉద్యోగానికి వేరే ఊరు వెళ్ళింది. బస్సెక్కే ముందు ఆవిడ అడిగింది ఒక్కటే.

"నువ్వెక్కడున్నావో నా ఫోన్లో కనబడేట్టు పెట్టి వెళ్ళవే. నువ్వు కుదురుకునేదాకా, అంతే."

కూతురు నవ్వి పెట్టింది. పిల్ల కుదురుకుంది, జీతం కూడా పెరిగింది, తీసేసే ఊసు మాత్రం లేదు. మ్యాపు మీద ఓ నీలం చుక్క. అది కదిలితే ఈవిడ లేచి నిలబడుతుంది, అది ఆగితే కూర్చుంటుంది. పొద్దున్నే పళ్ళయినా తోముకోకుండా చుక్క మొహం చూడాలి. చుక్క ఆఫీసు చేరితే గానీ టీ గొంతు దిగదు. "బంగారుతల్లి, ఇవాళ తొందరగా బయల్దేరిందండీ" అంటూ తెరని బొటనవేలితో నిమిరేది. కళ్ళజోళ్ళ షాపు నడిపే మొగుడు, "ఆ నిమరడానికి మ్యాపు కాస్తా పక్క ఊరికి జరిగిపోతుంది, చూసుకో" అనేవాడు. ఆయన వేళాకోళం ఆవిడ చెవిన వేసుకునేది కాదు.

నవ్వులాటగా చెప్తున్నాను గానీ, అది నవ్వే సంగతి కాదు. ఫోను పక్కగదిలో ఉంటే ఆవిడకి ఊపిరాడేది కాదు. చార్జింగు అయిపోతే కూతురికే ఏదో అయిపోయినంత బెంబేలు. అటుపక్క మాటలు తగ్గిపోతూ వచ్చాయి. ఒకప్పుడు ఆ పిల్ల ఒట్టి వాగుడుకాయ. ఇప్పుడు ఫోను ఎత్తగానే తల్లి, "ఆఫీసు పక్కసందులో అంతసేపు ఏం చేశావే? ఇవాళ వేరే దారిన వచ్చావేం?" అంటుంది. అటునించి "ఆఁ", "ఊఁ", "పనుందమ్మా". అన్నీ ముందే తెలిసిపోయిన మనిషికి ఏం చెప్తుంది పాపం! పిల్ల చెయ్యి జారిపోతోందని ఆవిడకి తెలుస్తూనే ఉంది. ఆ దిగులు కొద్దీ చుక్కనే ఇంకాస్త ఎక్కువగా చూసుకునేది.

ఓ సాయంత్రం మందులషాపాయనకి పాఠం చెబుతోంది. మహా పిరికిమనిషి, కోడి అడ్డమొచ్చినా దణ్ణం పెట్టే రకం. పాఠం నడుస్తుండగా ఫోను ముట్టుకోకూడదని స్కూల్లో రూలు. ఆ రూలు పెట్టించింది ఆవిడే. ఇప్పుడు ఫోను ఒళ్ళోనే ఉంటోంది. చుక్క కూతురుండే హాస్టల్లోనే ఉంది. రెండ్రోజులు సెలవు కదా, ఓ మాట మాట్లాడదామని చేసింది. ఎత్తింది మాత్రం కూతురి గదిలో ఉండే పిల్ల.

"ఆంటీ, తను ఆస్పత్రి నుంచి ఇంకా రాలేదు."

"ఆస్పత్రేమిటి? హాస్టల్లోనే ఉన్నట్టు చూపిస్తోంది కదా!"

"ఫోను ఇక్కడే ఉందాంటీ. ఈమధ్య ఆఫీసుకి తప్ప ఎక్కడికి వెళ్ళినా వదిలేసే వెళ్తుంది కదా, ఎప్పుడూ..." అని ఆ పిల్ల నాలిక్కరుచుకుంది. "మీకు చెప్పలేదా? నిన్న మెట్లమీద జారి చెయ్యి విరిగింది. కట్టు కట్టారు. ఇవాళ మళ్ళీ చూపించుకోమంటే వెళ్ళింది."

సరిగ్గా అప్పుడే కారు మలుపు తిరుగుతోంది. ఎదురుగా ఓ ముసలాయన సైకిలు నడిపించుకుంటూ రోడ్డు దాటుతున్నాడు. "మేడమ్! మేడమ్!" అని మందులషాపాయన కేకలు పెడుతున్నాడు. ఆవిడ కాలు లేవలేదు. చివరికి ఆయనే కళ్ళు మూసుకుని బ్రేకు మీద లేచి నిలబడినంత పని చేశాడు. బండి ఎగిరిపడి ఆగింది. సైకిలు కిందపడింది, ముసలాయనకి ఏమీ కాలేదు. ఆయన తిట్టాల్సినవన్నీ తిట్టి తన దారిన వెళ్ళాడు. ఆవిడకి ఒక్కటీ వినబడలేదు.

"మీ కాలుందన్నారు కదండీ" అన్నాడు మందులషాపాయన, ఏడుపొక్కటే తక్కువగా.

"తప్పయిపోయిందండీ" అంటూ ఆవిడ దిగి, రోడ్డు పక్కన కూలబడిపోయింది.

మర్నాడు పొద్దున్నే బస్సెక్కి కూతురి దగ్గరికి వెళ్ళింది. మంచం మీద పిల్ల, మోచేతి దాకా కట్టు. ఆ కట్టుని ముట్టుకోబోయి చెయ్యి వెనక్కి తీసుకుంది. నోట్లోంచి వచ్చింది మాత్రం కోపమే.

"ఫోను గదిలో పడేసి తిరుగుతావా? నన్నెంత వెర్రిదాన్ని చేశావే!"

"కాసేపన్నా నన్నెవరూ చూడకుండా తిరగాలనిపించేదమ్మా. సబ్బు కొనుక్కోడానికి వెళ్ళినా నీకు జవాబు చెప్పుకోవాల్సొస్తోంది."

"చెయ్యి విరిగితే? అది కూడా చెప్పవా?"

కూతురు మెల్లిగా అంది. "ఆస్పత్రి నుంచి రాగానే నీకు చెప్దామనే ఫోను తీశాను. నీ మెసేజి ఉంది. 'సెలవురోజంతా గదిలోనే ఉన్నావు, మంచి పని చేశావు' అని. చదివాక చెప్పబుద్ధి కాలేదు. ఎక్కడున్నావని వందసార్లు అడుగుతావు. ఎలా ఉన్నావని అడిగి ఎన్నాళ్ళయిందమ్మా?"

ఆవిడకి తల తీసేసినట్టయింది. పిల్ల ఒక్కతే ఆస్పత్రి బల్లమీద నొప్పితో కూర్చుని ఉంటే, తను ఇంట్లో కాళ్ళు చాపుకుని, ఇక్కడి మంచం మీద పడున్న దాని ఫోనుని పిల్లే అనుకుని మురిసిపోయింది. తన ఫోను తీసి కూతురి ముందు పెట్టింది.

"ఆ చుక్క తీసెయ్యవే. నా చేత్తో నేను తియ్యలేను."

"ఉండగలవా?"

"ఏడుస్తాలే. నువ్వు తీసెయ్యి."

దాంతో అయిపోయిందనుకుంటే పొరపాటే. ఇంటికొచ్చాక కూడా మ్యాపు తెరిచి, చుక్క లేని ఆ ఊరినే చూస్తూ కూర్చునేది. చిన్నదానికీ పెద్దదానికీ మొగుడి మీద ఒంటికాలి మీద లేచేది. ఓ రోజు ఆయన ముందు బావురుమంది. "దానికేమన్నా అయితే నాకెలా తెలుస్తుందండీ?"

ఆయన ఈసారి వేళాకోళం చెయ్యలేదు. "చెప్తుందిలేవే."

"చెప్పకపోతే?"

ఆయన వచ్చి పక్కన కూర్చున్నాడు, అంతే.

స్కూలుకి వెళ్ళగానే ఫోను ఆఫీసు సొరుగులో పెట్టి కారెక్కడం అలవాటు చేసుకుంది. మందులషాపాయన కొన్నాళ్ళు మొహం చాటేసి, మళ్ళీ వచ్చినరోజున ముందు ఆవిడ చేతులకేసి చూశాడు. ఆవిడకి చివుక్కుమంది, అయినా ఖాళీ చేతులు చాపి చూపించింది. ఆయన చూడటం న్యాయమే కదా.

సాయంత్రం ఓసారి కూతురికి ఫోను చేసేది. "ఎలా ఉన్నావే?" "బాగున్నా. నువ్వు?" "బాగున్నా." ఆ పైన ఎలా మాట్లాడుకునేవాళ్ళో ఇద్దరూ మర్చిపోయారు. పిల్ల చేతి కట్టు విప్పారు గానీ ఈ బిగింపు మాత్రం అలాగే ఉండిపోయింది.

ఓ ఆదివారం మధ్యాహ్నం బట్టలు ఆరేస్తుంటే ఫోను మోగింది. కూతురు. తనంతట తను చేసింది.

"అమ్మా, ఖాళీగా ఉన్నావా?"

గొంతు బొంగురుపోయి ఉంది. వెనకాల బళ్ళ హోరు. ఏ రోడ్డు, ఎంతదూరం, పక్కన ఎవరన్నా ఉన్నారా... అన్నీ నాలిక చివరిదాకా వచ్చాయి. మింగేసింది.

"ఖాళీయేనే, చెప్పు."

చెప్పింది. ఆఫీసులో తను చేసిన పొరపాటు పక్కసీటు అమ్మాయి నెత్తిన పడిందట. అందరి ముందూ ఆ అమ్మాయిని చెడామడా తిడుతుంటే, తను తల దించుకుని నోరు విప్పకుండా కూర్చుందట. అప్పట్నించీ అన్నం సహించడం లేదు. ఆవిడ మధ్యలో అడ్డుపడకుండా, పిల్ల ఏడిస్తే ఏడవనిచ్చింది.

"ఇప్పుడేం చెయ్యనమ్మా?"

"నీకేం చెయ్యాలనుంది?"

"రేపు వెళ్ళి, తప్పు నాదేనని చెప్పెయ్యాలనుంది. భయమేస్తోంది."

"వేస్తుందే తల్లీ. వెయ్యదూ మరి?"

అటుపక్క ముక్కు చీదుకున్న చప్పుడు. తర్వాత, "అమ్మా, నాన్నకి చెప్పకేం. నీకొక్కదానికే చెప్పాను."

"చెప్పనులే."

ఫోను పెట్టేసరికి లోపల్నించి ఆయన కేకేశాడు. "ఎవరే?"

"అమ్మాయి."

"ఏమంటోంది?"

"మా ఇద్దరి సంగతిలెండి, మీకెందుకు" అంది ఆవిడ. ఆరెయ్యాల్సిన తడి దుప్పటి గుండెకి హత్తుకుని, రవిక తడిసిపోతున్నా చూసుకోకుండా, అలాగే నిలబడిపోయింది.