అక్క పెళ్లి క్యాసెట్

అనంతపురంలో బస్సెక్కి నా పక్కన కూర్చున్న మనిషి ఒళ్లో పాత వీడియో క్యాసెట్ల సంచీ ఉంది. ఒక్కోదానికి పసుపు, కుంకుమ బొట్లు. కరువు మీద తీస్తున్న సినిమా కోసం, బావుల్లో నీళ్లున్న నాటి దృశ్యాలను పల్లెల్లో వెతుకుతున్నాడట. అవి పెళ్లి క్యాసెట్లలోనే దొరుకుతాయట.

"క్యాసెట్లకు కూడా పూజలా?" అని ఎద్దేవా చేశాను.

"దేవుని గూట్లో పెట్టుకున్నారు కాబట్టే మిగిలినాయన్నా. కుంకుమ తుడిస్తే పోతాది. మీ ఇంట్లో ఏమన్నా ఉండాదా?"

ఒకటి ఉందన్నాను. ముహూర్తాలు బూటకమని నేను చేసిన ఉపన్యాసం. దాన్ని మా అక్క పెళ్లి క్యాసెట్ మీదే రికార్డు చేయించాను. ఆ తంతు దాచుకోదగ్గది కాదని అప్పటి నా వాదన.

"అయ్యో! ఆ పెళ్లిలో ఎవరెవరుండిరన్నా?"

"మా నాయన. ఆయన నడవడం, మాట్లాడడం ఇంకెక్కడా లేదు."

అతను నా వైపు తిరిగాడు. "దిగులు పడొద్దన్నా. నీ మాటలు అయిపోయినాక టేపు మిగిలుంటే, ఆడ పాత పెళ్లి అట్లనే ఉంటాది. చివరిదాకా తిప్పి చూడు. నాకట్ల శానా దొరికినాయి."

కిటికీ అవతల ఎండిన వేరుశనగ చేలు వెనక్కి పోతున్నాయి. నాకేమీ అనిపించలేదు.

యాడికి ఊళ్లో దిగుతూ కూడా, "మర్చిపోవద్దు, చూడన్నా" అన్నాడు. సరేనన్నాను.

ఇంటికొచ్చాక చూడలేదు. నా ఉపన్యాసం రోజు, టేపు అయిపోయిందని కెమెరా అతను చేత్తో సైగ చేశాక కూడా నేను మాట్లాడుతూనే ఉన్నాను.