చిటికెన వేలి స్వరాలు

ఆవిడ వాటా మా వాటాకు సరిగ్గా పైన. నాకు కాస్తో కూస్తో సంగీతం తెలుసంటే అది మా ఇంటి కప్పులోంచి దిగిందే. ఇస్త్రీ చేసుకుంటూ వింటూ, ఎక్కడ తప్పు పడిందో, ఎక్కణ్ణుంచి మళ్ళీ మొదలుపెట్టిందో పోల్చుకోవడం నేర్చుకున్నాను. మెట్ల మీద ఆడుకునే పిల్లలు ఆవిణ్ణి పియానో పిన్ని అనేవారు.

ఆవిడ అక్క ఒక బడిలో గుమాస్తా. చిన్నప్పుడు ఇద్దరినీ ఒకే పియానో ముందు కూర్చోబెట్టారట. వారం తిరక్కుండానే అక్కకు విసుగొచ్చింది. చెల్లెలికి మాత్రం అన్నం కూడా అక్కడికే తెచ్చిపెట్టాల్సి వచ్చేది. అప్పట్నుంచీ అక్క పని చెల్లెలి ముందుండే స్వరాల పుస్తకంలో పేజీలు తిప్పడం. ఎంత పెద్ద హాలైనా సరే, ఎడమ పక్కన కుర్చీ వేసుకుని కూర్చుంటుంది. చెల్లెలు గడ్డం కదిపితే లేచి పేజీ తిప్పుతుంది. “అది వాయిస్తుంది, నేను కాగితాలతో విసురుతాను,” అనేది నవ్వుతూ.

చేతికి లొంగని చోటు వస్తే లొంగేదాకా వాయించడం, ఇదొక్కటే ఆవిడ పద్ధతి. అది ఆవిణ్ణి ఎన్నడూ మోసం చెయ్యలేదు. అందుకే, వయసులో ఉన్నప్పట్నుంచీ ఎదురుచూసిన కచేరీ, పెద్ద ఆర్కెస్ట్రాతో కలిసి వాయించేది, చివరికి చేతికందిన ఏడాదే కుడిచేతి చిటికెన వేలు అరచేతిలోకి ముడుచుకోవడం మొదలైతే, ఆవిడ ఆ పద్ధతినే నమ్ముకుంది. నొప్పి లేదు. గిన్నె తోమినా, తలుపు తీసినా వేలు మామూలే. పియానో మీట మీద పెడితేనే ముడుచుకుంటుంది. ఆ కచేరీలో చిటికెన వేలికి పని ఉన్న ముక్కనే పొద్దున్నుంచీ పొద్దుగూకేదాకా వాయించేది. పొద్దున ఒక స్వరం పోయేది, సాయంత్రానికి దాని పక్కది కూడా.

ఒంటరి కచేరీల్లో ఆ స్వరాల్ని ఎడమచేతికి అప్పగించి నెట్టుకొచ్చింది. జనం చప్పట్లు కొట్టారు. ఎడమ పక్కన కూర్చున్న మనిషికి మాత్రం ఆ చెయ్యి హద్దు దాటడం కనబడకుండా ఎలా ఉంటుంది? ఒకరోజు మా గుమ్మం ముందే నిలదీసింది.

“చిన్నీ, ఆ వేలు దాస్తున్నావే.”

“దాచుకోడానికి అదేమన్నా బంగారమా?”

“డాక్టరుకి చూపిద్దాం పద.”

చూపించారు. వేలికి ఏ జబ్బూ లేదన్నాడట ఆయన. చేసిన పనే చేసీ చేసీ చిటికెన వేలికీ దాని పక్క వేలికీ మధ్య తేడాని మెదడు మర్చిపోయిందనీ, వాయించేకొద్దీ ముదురుతుందనీ, ఏడాది మానేస్తే తిరిగి రావచ్చు, రాకపోవచ్చుననీ చెప్పాడట. కచేరీ కాగానే మానేస్తానని అక్కకు మాటిచ్చి, ఆవిడ మళ్ళీ పియానో ముందు కూర్చుంది.

ఆర్కెస్ట్రాతో రిహార్సల్‌లో ఆ చోటు రానే వచ్చింది. అక్కడ ఎడమచేతికి దాని బరువు దానికే ఉంది, సాయానికి రాలేదు. వేలు ముడుచుకుంది. మళ్ళీ మొదలుపెట్టారు, మళ్ళీ ముడుచుకుంది. అక్క లేచి పేజీ అంచు పట్టుకుని నిలబడే ఉంది. చెల్లెలు గడ్డం కదపలేదు. మూత మెల్లగా దించి, అందరికీ క్షమాపణ చెప్పి బయటికి నడిచింది. ఆ కచేరీలో ఇంకెవరో వాయించారు.

ఆ తర్వాత మా కప్పు మీద కుర్చీలు జరిపిన చప్పుడు, కొళాయి చప్పుడు తప్ప ఇంకేం లేవు. ఏడాది గడిచింది. వేలు తిరిగి రాలేదని అక్కే చెప్పింది.

మరికొన్నాళ్ళకు ఒక మధ్యాహ్నం అదే ముక్క వినబడింది. నెమ్మదిగానే అయినా, స్వరాలన్నీ ఉన్నాయి. ఇస్త్రీపెట్టె పక్కన పెట్టి పరుగున మెట్లెక్కాను. తలుపు ఓరగా తీసి ఉంది.

అక్క కుర్చీ ఈసారి కుడి పక్కన ఉంది. కళ్ళద్దాలు ముక్కు మీదికి జారిపోతుంటే, చూపుడు వేలితో చిటికెన వేలి స్వరాలు ఒక్కొక్కటే నొక్కుతోంది. ప్రతిదీ కాస్త వెనకబడుతోంది.

“ఆలస్యం అక్కా.”

“ఉండవే, వస్తున్నా.”

ఒకప్పుడైతే అంతమాత్రం తప్పుకే ఆవిడ మొదటికి వెళ్ళేది. ఇప్పుడు ఆగకుండా పేజీ చివరిదాకా వచ్చింది. తర్వాతి పేజీ నిండా చిటికెన వేలికి పనే. ఆవిడ గడ్డం కదిపింది. అక్క కాగితం కేసి చూసి, ఇక్కడికి చాలన్నట్టు చేతులు ఒళ్ళో పెట్టుకుంది. పేజీ తిప్పలేదు.