వదిన వదలని ‘ట’

మా వదిన, అంటే మా ఆయన అక్క, పందొమ్మిదేళ్ళు కోర్టులో టైపిస్టు. సాక్షులు చెప్పింది చెప్పినట్టు టైపు కొట్టడం ఆవిడ పని. ఇంటికొచ్చాక టీవీలో కోర్టు సీరియల్ పెడితే చాలు, ఒంటికాలి మీద లేచేది. "జడ్జిగారి ముందు అలా గంతులేస్తే మెడబట్టి గెంటేస్తారే!"

"అంత తెలిసినదానివి, నువ్వే రాయరాదూ?" అని వేళాకోళమాడింది నేనే. నా నోరు ఊరుకోదు కదా! నిజంగానే రాసింది. ఛానెల్ వాళ్ళు పదమూడు భాగాల హత్య కథకు ఒప్పుకున్నారు. అది జనానికి నచ్చితేనే ఇంకోటి. ఈవిడేమో ఉన్న ఉద్యోగానికి రాజీనామా పెట్టేసి వచ్చింది. అత్తయ్య నెత్తీ నోరూ బాదుకుంది. కూతురేం చేస్తోందని ఎవరైనా అడిగితే, "ఏదో రాస్తుందట" అని మూతి తిప్పేది.

కథంతా ఒక్క అక్షరం మీద నిలబెట్టింది వదిన. మొదటి భాగంలో, చనిపోయినావిడ తోటికోడలు పోలీసులతో "తలుపు తీసే ఉందట" అంటుంది. అంటే ఎవరో చెబితే విన్నమాట. చివరి భాగంలో బోనెక్కి "తలుపు తీసే ఉంది" అంటుంది, కళ్ళారా చూసినట్టు! అక్కడే దొరికిపోతుంది.

డైరెక్టర్ పెదవి విరిచాడు. "ఆ ‘ట’ ఎవరి చెవిన పడుతుందండీ? దాని బదులు ఫోన్లో వీడియో దొరికిందని పెట్టేద్దాం."

"ట లేకుండా మన ఇళ్ళల్లో ఒక్క కబురైనా నడుస్తుందా బాబూ? పడుతుంది," అంది వదిన. "కొత్తలో నేనూ టైపులో ఒక ‘ట’ వదిలేశాను. జడ్జిగారు పట్టుకోకపోతే ఓ అమాయకుడు జైలుకి పోయేవాడు. అది తీసేస్తే నా పేరూ తీసేయండి."

ఆయన గొణుక్కుంటూనే ఆవిడ రాసినట్టు షూటింగ్ చేశాడు.

ఆఖరి భాగం వచ్చిన సాయంత్రం వదిన టీవీ ముందు కూర్చోలేక, వంటింట్లో తోమిన గిన్నెలే మళ్ళీ తోముతోంది. అత్తయ్య "నేను చూడను" అంటూనే కుర్చీ ముందుకు జరుపుకుంది. తోటికోడలు బోనెక్కింది. "తలుపు తీసే ఉందండీ," అంది. లాయరు ఇంకా లేవనే లేదు.

"ఓసి దొంగమొహమా! అప్పుడు పోలీసులతో ఉందట అన్నావు కదే!" అని అత్తయ్య లేచి నిలబడి అరిచింది. పక్కింట్లోంచీ అదే కేక. వదిన సబ్బు చేతులతోనే పరుగెత్తుకొచ్చింది. నేనైతే సిగ్గు విడిచి ఈల వేశాను.

తరువాత తొమ్మిదేళ్ళలో ఏడు సీరియళ్ళు! ఆ డైరెక్టరే ఇప్పుడు ఆవిడ స్క్రిప్టులో కామా కూడా కదపడు. స్టూడియోలో అందరికీ ఆవిడ ‘ట మేడమ్’.

మొన్న బస్టాపులో ఒకావిడ పలకరించి, మీ అమ్మాయి ఏం చేస్తుందని అత్తయ్యను అడిగింది.

"సీరియళ్ళు రాస్తుంది," అంది అత్తయ్య.

నేను చెవులు రిక్కించి విన్నాను. ‘ట’ లేదు.